బావుల మికోన్ వేసిన ఒట్టు

ఒరేసా ఊరికి నేను మూడుసార్లు పెద్దగా ఉన్నాను. ఇరవై రెండో ఏట లైకయ కొండ పోటీల్లో కుస్తీ గెలిచి కంచు పాత్ర తెచ్చాను. అది ఇప్పటికీ మా ఇంట్లో పొయ్యి పైన గోడకి వేలాడుతూనే ఉంది. ఆల్ఫియోస్ నది రేవు దగ్గర కొట్లాటలో తొడమీద ఈటె పోటు తిని కూడా వెనక్కి తిరగలేదు. తూర్పు బురుజు లేచింది నా హయాంలోనే. ఇవన్నీ ఊళ్ళో ఎవర్నడిగినా చెబుతారు. నేను చెప్పుకోవాల్సిన పని లేదు గానీ, చెప్పుకుంటే తప్పూ లేదు.

మనవలు వీటిని రాతి మీద చెక్కిస్తామంటున్నారు. చెక్కించనీ, కాదనను. కానీ వాళ్ళు రాసుకొచ్చిన వరసల్లో నాలుగోది ఇలా ఉంది: "తెలెస్తాస్, వీరుడు ఒరేసోస్ ఎముకల్ని ఊరికి తెచ్చినవాడు." ఆ ఒక్క వరస గురించి ఈ గొర్రెతోలు మీద రాయాల్సింది ఉంది. ముందు ఇది చదవండి, ఆ తర్వాత రాయి చెక్కండి. తీరా రాయబోతే ఇది నా కథ కాదు, బావులు తవ్వే మికోన్ కథ.

మికోన్ మనిషి పొట్టి. మా ఊరి నూర్పిడి కళ్ళంలో ఇసక పోసి, దాని మీద వేలితో అక్షరాలు దిద్దించిన ముసలి ఫైనిస్ దగ్గర ఇద్దరం కలిసే చదువుకున్నాం. నాకు అక్షరాలు బాగా వచ్చేవి, పాటలు వచ్చేవి కావు. వాడికి అక్షరాలు వంకర, పాట మాత్రం ఒక్కసారి వింటే చాలు. దేవతల పుట్టుకలూ, టైటన్లతో జియస్ చేసిన పదేళ్ళ యుద్ధమూ, ఎవరు ఎవరి బిడ్డో, ఎవరిని ఏ చీకట్లో కట్టి పడేశారో, అన్నీ గడగడా అప్పజెప్పేవాడు. నేను తప్పు చెప్పి బెత్తం దెబ్బలు తినేవాణ్ణి. "ఒరే తెలెస్తా, నీ వీపు చూస్తే దేవతల వంశవృక్షం లాగుందిరా," అని నవ్వేవాడు.

వాడి తండ్రి బావులు తవ్వేవాడు, వీడూ అదే పట్టుకున్నాడు. నీళ్ళు ఎక్కడున్నాయో చూడ్డంలో వాడికి వాడే సాటి. సూర్యుడు రాకముందే పొలంలో బోర్లా పడుకుని గడ్డం నేలకి ఆనించి కదలకుండా చూసేవాడు. ఎక్కడ సన్నగా ఆవిరి లేస్తుందో అక్కడ రాయి పెట్టేవాడు. ఆ చోట చిన్న గొయ్యి తీసి, ఉతికిన ఉన్ని ఓ గిన్నెలో కుక్కి బోర్లించి, పైన ఆకులూ మట్టీ కప్పి వచ్చేవాడు. మర్నాడు ఆ ఉన్నిని పిండితే చుక్కలు పడితేనే తవ్వేది. వాడు కిందికి దిగి గడ్డపార వేస్తే, పైన మోకు పట్టి తట్టలు లాగేది వాడి పెళ్ళాం దెక్సో. వాడు అడుగున ఉండి వాగుతూనే ఉండేవాడు, ఆవిడ పైనుంచి తిడుతూనే ఉండేది. పక్క ఊరి దాకా వినపడేది. "మట్టి పంపమంటే మాటలు పంపుతాడు," అనేది. అలా ఇరవై ఏడు బావులు తవ్వాడు వాడు తన జీవితంలో. ఒక్కటి కూడా ఎండలేదు.

నేను రెండోసారి పెద్దనైన ఏడాది వానల్లేవు. ఊరి ఊట సన్నగిల్లింది. కింది పొలాల్లో, మట్టి దానంతట అదే కాలి పొగలు వచ్చే నేల ఉందే, దాని అంచున బావి వేయించాలని నేనే మికోన్‌ని పిలిచాను. దేవతలకీ, భూమి కడుపున పుట్టిన మహాకాయులకీ యుద్ధం జరిగింది ఆ లోయలోనే అని మా వాళ్ళ మాట. పిడుగులు పడ్డ చోట్లే ఇంకా కాలుతున్నాయి. ఏటా అక్కడ మెరుపులకీ, గాలివానకీ, ఉరుములకీ బలి ఇస్తాం.

నాలుగు నిలువుల లోతులో వాడికి ఎముక తగిలింది. తొడ ఎముక. నిలబెడితే నా ఛాతీ దాకా వచ్చింది. తర్వాత పళ్ళెమంత వెన్నుపూస, పక్కటెముకలు. ఊరు ఊరంతా గొయ్యి చుట్టూ చేరింది. అప్పటికి మాకు ఒక లోటు ఉండేది, చెబితే ఇప్పుడు చిన్నదిగా అనిపిస్తుంది. లైకావోన్ రాజుకి యాభై మంది కొడుకులు. మా దేశంలో ప్రతి ఊరూ ఆ కొడుకుల్లో ఒకడి పేరు పెట్టుకున్నదే. మాది ఒరేసోస్ పేరు. పక్కనున్న ఫేగ ఊరివాళ్ళకి వాళ్ళ వీరుడి సమాధి ఉంది. మాకు పేరే తప్ప సమాధి లేదు. పై వాలు మీది మేత బీడు మాదంటే మాదని రెండు ఊళ్ళకీ తరతరాల తగువు. ఫేగవాళ్ళు ఎప్పుడూ ఒకటే మాట: "మా వీరుడు ఆ వాలుకి కాపలా పడుకున్నాడు. మీ వాడెక్కడ? పొద్దున్నే లేచి ఎటో వెళ్ళినట్టున్నాడే!"

అందుకే ఆ తొడ ఎముక చూడగానే నా నోటి వెంట వచ్చింది: "మన ఒరేసోస్ దొరికాడు!" ఆడవాళ్ళు ఏడ్చారు. నేనూ ఏడ్చాను. అది నటన కాదు, ఆ మాట నిజంగానే నమ్మాను.

మర్నాడు దెక్సోకి జ్వరం. మోకు నేనే పట్టాను, అప్పటికి నా భుజాలు అలాంటివి. చుట్టుపక్కల ఎవరూ లేరు, అందరూ బలికి మేకని వెతకడానికి పోయారు. మికోన్ అడుగునుంచి ఏదో కట్టాడు, లాగాను. ఇంకో తొడ ఎముక. వాడు పైకెక్కి వచ్చి, రెండిటినీ పక్కపక్కన గడ్డి మీద పరిచి, చాలాసేపు చూసి, తన తొడ తట్టుకున్నాడు.

"ఒరే తెలెస్తా, రెండూ ఎడమవేరా."

"అయితే?"

"అయితే ఏమిటి! పందిని కోసినప్పుడు చూడలా? ఈ గుండ్రం ఇటు ఉంటే ఎడమ. రెండూ ఇటే. నీ వీరుడికి రెండు ఎడమ కాళ్ళా? ఇవి ఇద్దరివి. లేకపోతే మనుషులవే కావు. నన్నడిగితే ఇవి దేవుళ్ళ మీదికి లేచిన మహాకాయులవి. పిడుగు దెబ్బకి ఇక్కడే పడ్డవాళ్ళవి. వాళ్ళకి మనం మేక నెత్తురు పోస్తే పైనున్నాయన ఊరుకుంటాడా?"

నేను ఆ రెండో ఎముకని రెండు చేతుల్తో ఎత్తి మళ్ళీ గోతిలోకి జారవిడిచాను. ఆ సాయంత్రం గొయ్యి సగం పూడ్పించాను. పైకి తెచ్చిన ఎముకల్ని కొత్త పెట్టెలో పెట్టి, ఆ పూడ్చిన మట్టి మీదే దించి, నాలుగు రాళ్ళు పేర్చి వీరుడి గుడి కట్టించాను. ఏటా నల్ల పొట్టేలుని కోసి ఆ గోతిలోనే నెత్తురు పోస్తాం. నీళ్ళ కోసం మికోన్ వేరే చోట బావి తవ్వాడు. నీళ్ళు తియ్యగా పడ్డాయి.

మేత బీడు తగువు మూడో ఊరినుంచి తెచ్చిన ముగ్గురు న్యాయమూర్తుల ముందుకి వచ్చింది. నేను వీరుడి ఎముకల సంగతి గట్టిగా చెప్పాను. ఫేగవాళ్ళ తరఫున ఓ బట్టతల మనిషి లేచాడు. "అయ్యలారా, లైకావోన్ జియస్‌కి నరమాంసం వడ్డించిన రోజు ఆ కొడుకులందర్నీ పిడుగు కాల్చేసింది. ఆఖరివాడొక్కడే మిగిలాడు. మా సమాధిలో ఉన్నదీ బూడిద కుండే. బూడిదకి తొడ ఎముకలుంటాయా?"

"మా ఒరేసోస్ ఆ విందుకి వెళ్ళలేదు. వేటకెళ్ళాడు," అన్నాను. మా నాయనమ్మ చెప్పిన కథే అది.

"వేటకెళ్ళాడా? వెళ్ళి ఏ పందిని కొట్టాడో, ఆ పందినే మీరు పెట్టెలో పెట్టి పూజిస్తున్నారేమో!" అన్నాడు బట్టతల. ఫేగవాళ్ళే కాదు, న్యాయమూర్తుల్లో ఒకాయన కూడా నవ్వాడు.

ఆ నవ్వు ఆగాక పెద్ద న్యాయమూర్తి తీర్పు చెప్పాడు. తవ్వినవాడు నొనాక్రిస్ ఊరికి వెళ్ళి, అక్కడ కొండ మీంచి పడే స్టిక్స్ నది నీళ్ళలో చెయ్యి పెట్టి ప్రమాణం చెయ్యాలి. ఆ గోతిలో దొరికినవన్నీ ఒక్క దేహానివే, రెండో దేహం ఎముక ఏదీ దొరకలేదు అని. చేస్తే బీడు ఒరేసాది, చెయ్యకపోతే ఫేగది.

నొనాక్రిస్‌కి మూడు రోజుల నడక. దారంతా నేను వాణ్ణి ఒప్పిస్తూనే ఉన్నాను. రెండో రోజు ఓక్ చెట్ల కింద కూర్చుని, కాల్చిన ఓక్ కాయలు ఒలుస్తూ వాడు అడిగాడు:

"స్టిక్స్ అంటే ఎవరో నీకు గుర్తుందా?"

"నది."

"దెబ్బలు తిన్నది ఊరికే పోయిందిరా. ఆమె టైటన్ బిడ్డ. ముందుతరం ఇంటి ఆడపడుచు. యుద్ధం వచ్చినప్పుడు తన నలుగురు పిల్లల్నీ వెంటబెట్టుకుని అందరికంటే ముందు జియస్ పక్కన నిలబడింది. 'ఎవరు గెలుస్తారో చూద్దాం' అని అందరూ గోడమీద పిల్లుల్లా కూర్చున్నప్పుడు ఆమె వచ్చింది. అందుకే దేవుళ్ళు కూడా ఆమె మీదే ఒట్టేస్తారు. ఆమె ముందు నిలబడి నన్ను అబద్ధం చెప్పమంటావా?"

"అబద్ధం ఎందుకవుతుంది? ఒక తొడ ఎముకే కదా మనం ఉంచుకున్నాం. రెండోది మట్టిదే. మట్టికే ఇచ్చేశాం."

"ఆయన అడిగేది దొరికినవి. దాచినవి కాదు."

"ఒరే, నూట నలభై ఇళ్ళురా. మేత లేక పోయినేడు గొర్రెలు ఎండి చచ్చాయి. నీ పెళ్ళాం మేకలు రెండు పోయాయా లేదా? నువ్వు ఒక్కమాట అంటే ఊరు బతుకుతుంది. ఒట్టు పాపం ఏదన్నా ఉంటే నా తలమీద వేసుకుంటాను. ఇదిగో, చెయ్యి."

వాడు నా చేతిని చూశాడు గానీ పట్టుకోలేదు. "ఒట్టు ఎవరి నోట్లోంచి వస్తే వాళ్ళదేరా," అని లేచి నడిచాడు.

అక్కడ పెద్ద కొండచరియ మీదనుంచి నీళ్ళు సన్నగా రాలి ఓ రాతి గుంటలో పడతాయి. చుట్టూ చిన్న గోడ. ఆ నీళ్ళు తాగినవాడు బతకడంటారు, కుండలో పడితే కుండే పగులుతుందంటారు. మికోన్ మోకాళ్ళ మీద కూర్చుని కుడి చెయ్యి మోచేతిదాకా ముంచాడు. న్యాయమూర్తుల మనిషి చెప్పమన్నది అక్షరం తప్పకుండా చెప్పాడు. చెయ్యి తీసేసరికి గోళ్ళు నీలంగా మారాయి. ఫేగ మనుషులు తలలు వంచుకున్నారు. నాకు మాత్రం ఆ క్షణం కుస్తీ గెలిచిన రోజులాగే అనిపించింది. ఇప్పుడు రాయడానికి సిగ్గుగా ఉంది, కానీ అనిపించింది.

తిరుగు దారిలో వాడు ఒక్క మాటా మాట్లాడలేదు. ఇంటికొచ్చాక కూడా మాట్లాడలేదు. నెల గడిచింది. ఏడాదంతా అంతే. పని చేశాడు, తిన్నాడు, తల ఊపాడు. నోరు మాత్రం విప్పలేదు. నీళ్ళ చలికి గొంతు పోయిందని ఊరు జాలిపడింది. ఆ ఏడు వాడు మూడు బావులు తవ్వాడు. దెక్సో పైన ఒక్కతే తిట్టుకుంటూ మోకు లాగేది. జవాబు రాక కొన్నాళ్ళకి ఆవిడా తిట్టడం మానేసింది.

మేత బీడు మాకొచ్చింది. గొర్రెలు ఈనాయి. నన్ను భుజాల మీద ఎక్కించుకుని తిప్పారు.

సరిగ్గా ఏడాది తిరిగిన మర్నాడు బురుజు పని దగ్గరికి గడ్డపార భుజానేసుకుని వచ్చాడు మికోన్.

"పిలిపించారట. బురుజు పక్కన బావి కావాలని."

నాకు కాళ్ళ కింద రాయి కదిలినట్టయింది. "ఒరే, నీకు మాటొచ్చింది! 'పిలిపించారట' ఏమిట్రా, ఎవరితో మాట్లాడుతున్నావు?"

"ఊరి పెద్దతో."

"గొంతుకేమైంది ఇన్నాళ్ళూ?"

"ఏమీ కాలేదు, బాగానే ఉంది."

"సరే సరే. ఎల్లుండి వీరుడి పండగ. మొదటి వాటా నీకే పెట్టిస్తాను. అందరూ..."

"నేను విందులకి రానండి. తొమ్మిదేళ్ళు."

"తొమ్మిదేళ్ళేమిటి? ఎవడు పెట్టాడు ఈ లెక్క?"

"ఫైనిస్ మేస్టారు చెప్పలా? మీరూ వల్లించారు. స్టిక్స్ మీద ఒట్టు తప్పిన దేవుడు ఏడాదిపాటు ఊపిరీ మాటా లేకుండా పడి ఉంటాడు. ఆ తర్వాత తొమ్మిదేళ్ళు దేవతల సభకీ విందుకీ వెలి. ఆ పాట దగ్గరే మీకు దెబ్బలు పడ్డాయి కూడా."

నాకు కోపమూ, నవ్వూ, భయమూ ఒక్కసారే వచ్చాయి. "అది దేవుళ్ళకిరా! చావులేని వాళ్ళకి వేసే శిక్ష. మనిషి ఒట్టు తప్పితే పిడుగు పడుతుంది, లేకపోతే వంశం నశిస్తుంది. నువ్వు దేవుడివా?"

"పిడుగు పడలేదుగా. ఏడాది చూశాను. కడుపునొప్పి కూడా రాలేదు. పిల్ల బాగుంది, మేకలు కూడా ఈనాయి. వాళ్ళు మరిచిపోయినట్టున్నారు. వాళ్ళు మరిచిపోయారని నేనూ మరిచిపోవాలా? శిక్షలన్నిట్లో నాకు బాగా వచ్చింది అదొక్కటే, అది వేసుకున్నా."

ఎవరైనా నవ్వుతారు. మికోన్ లాంటివాడు మా ఊళ్ళోనే పుట్టాలి. దేవుడికి రాసిన శిక్షని మనిషి అరువు తెచ్చుకుని అనుభవిస్తాడా! కానీ వాడి మొహంలో పిచ్చేమీ లేదు. ఉన్ని పిండి చుక్కలు చూసే మొహమే అది.

"దీన్ని ఆపే దారి లేదా?" అన్నాను.

"ఉంది. ఎల్లుండి గొయ్యి దగ్గర, నెత్తురు పోసే ముందు, రెండో ఎముక సంగతి మీరు ఊరికి చెప్పండి. బీడు ఏమవుతుందో ఊరు ఆలోచించుకుంటుంది. చెప్పిన అబద్ధం చెప్పినట్టే ఉంటుంది, దాని మీద కూర్చుని తినడం మాత్రం ఆగుతుంది. అప్పుడు అందరితో పాటు నేనూ వచ్చి కూర్చుంటా."

"ఈ పండగ కానీ," అన్నాను.

ఈ పండగ కానీ. ఆ మాటనే తొమ్మిదేళ్ళు అన్నాను. మొదటి ఏడాది బురుజు సగంలో ఉంది, రాళ్ళు మోసేవాళ్ళ మనసు చెదరకూడదనుకున్నాను. రెండో ఏడు ఫేగవాళ్ళు బీడు మీదికి పశువుల్ని తోలి గొడవకి దిగారు. మూడో ఏడు నన్ను మూడోసారి పెద్దని చేశారు, ఆ సంబరంలో ఎవడైనా ఆ మాట ఎత్తుతాడా? ఒక్కో ఏడూ ఒక్కో కారణం దొరికేది, అన్నీ మంచివే. పండగనాడు మొదటి గిన్నె నేనే పట్టేవాణ్ణి, మికోన్ మాత్రం వాడి పొలం గట్టున కూర్చుని రొట్టె తినేవాడు. మా ఇద్దరికీ మధ్య ఓ యవల చేను.

ఊరు వాణ్ణి మరోలా అర్థం చేసుకుంది. వీరుణ్ణి తాకిన చేతులు కాబట్టి వాడు మడి కట్టాడనుకున్నారు. కొందరు దండం కూడా పెట్టేవాళ్ళు. వాడు తిట్టి తరిమేవాడు.

ఆరో ఏట వాడి కూతురు నికిప్ప పెళ్ళి కుదిరింది. వారం ముందు దెక్సో మా ఇంటికి వచ్చింది. లోపలికి రాలేదు, గడప దగ్గరే నిలబడింది.

"అన్నయ్యా, ఒక్కటి చెప్పు. నా మొగుడికేమైంది?"

"నీళ్ళ చలి తలకెక్కిందేమో చెల్లెమ్మా."

"చలి చేతికెక్కుతుంది, తలకెక్కదు. ముప్పై ఏళ్ళు వాగి నా చెవులు తిన్నాడు. ఏడాది నోరు మూసుకుని నా ప్రాణం తిన్నాడు. ఇప్పుడు కన్నకూతురి పెళ్ళి తిండి మాత్రం తిననంటాడు! అడిగితే 'తెలెస్తాస్‌గారిని అడుగు' అంటాడు. గారేమిటి గారు? మీ ఇద్దరూ ఒక కళ్ళంలో దొర్లినవాళ్ళు. మీ మధ్య ఏదో ఉంది. మీరు తవ్విన ఆ ఎముకలంత పెద్దది. అది తీసి బయట పడెయ్, నీకు పుణ్యముంటుంది."

"పెళ్ళిలోగా చూస్తాను," అన్నాను.

"చూస్తావు. ఆరేళ్ళ నుంచి చూస్తూనే ఉన్నావు," అని వెళ్ళిపోయింది.

చూశాను. పెళ్ళినాడు అందరూ దండలు పెట్టుకుని ముంగిట్లో కూర్చున్నారు. పంది మాంసం, జున్ను, యవరొట్టెలు, నువ్వుల ఉండలు. మికోన్ ప్రహరీ బయట నిలబడ్డాడు. పొట్టివాడు కదా, తల పైభాగమొక్కటే కనపడింది. నికిప్ప పెళ్ళి బట్టలతోనే ఓ నువ్వుల ఉండ తీసుకెళ్ళి గోడమీదుగా అందించింది. నేను దగ్గర్లోనే ఉన్నాను, విన్నాను.

"విందుది కాదు నాన్నా, ఇది నేను చేసింది. నా చేతిది."

"బాగా చేశావు తల్లీ, వాసన తెలుస్తోంది. నీ మొగుడికి పెట్టు."

"ఒక్క ముక్క నాన్నా."

"ఇంకా నాలుగేళ్ళుందమ్మా. ఆ తర్వాత నీ పిల్లల బారసాలకొచ్చి కుండ ఖాళీ చేస్తా. సరేనా?"

ఆ పిల్ల ఉండని గోడమీదే పెట్టి వచ్చేసింది. నేను లేచి నాలుగు మాటలు చెబితే సరిపోయేది. ఊరంతా అక్కడే ఉంది. నేను లేచాను కూడా. అందరూ నావైపు చూశారు, పెద్ద ఆశీర్వదిస్తాడనుకుని. ఆశీర్వదించి కూర్చున్నాను.

పదేళ్ళూ నిండాయి. ఆ ఏటి వీరుడి పండగనాడు, మధ్యాహ్నం దాటాక, మికోన్ ఉతికిన బట్ట కట్టుకుని గొయ్యి దగ్గరికి నడిచి వచ్చాడు. ఊరు కేకలు పెట్టింది. "వచ్చాడ్రోయ్ బావులోడు!" "జరగండి, జరగండి, మొదటి వరసలో కూర్చోబెట్టండి!" "ఏం మికోన్, పదేళ్ళ ఆకలి! పొట్టేలు చాలుతుందా, ఇంకోటి కోయించమంటావా?" వాడు నవ్వాడు. వాడు నవ్వగా చూసి ఎన్నాళ్ళయిందో. నా గుండె మీద బరువు దిగినట్టయింది. అంతా సర్దుకుంది, ఇక చెప్పక్కర్లేదు, కాలమే ఈ పని చేసిపెట్టింది అనుకున్నాను.

నా చేత్తో తొడ మాంసం వడ్డించి వాడి ముందు పెట్టాను. వాడు దాన్ని ముట్టుకోలేదు. అప్పుడు పదేళ్ళ తర్వాత మొదటిసారి నన్ను పేరు పెట్టి పిలిచాడు, ఎప్పటిలాగా, నాకు మాత్రమే వినపడేంత మెల్లిగా.

"ఒరే తెలెస్తా. నా శిక్ష అయిపోయింది. ఇది తింటే మళ్ళీ మొదలవుతుందేమోరా."

"అదేం మాట? అయిపోయిందిగా!"

"అబద్ధానికి అయిపోయింది. ఈ విందు మాత్రం ఆ అబద్ధం పేరు మీదే కదా. నువ్వే చెప్పు. నువ్వు చెబితే తింటాను, ఒట్టు కూడా అడగను. ఈ గోతిలో ఎవరున్నారు?"

చుట్టూ ఉన్నవాళ్ళకి గట్టిగా అడిగిన ఆ ఆఖరి మాటే వినపడింది. వాడేదో మొక్కు మాట అడుగుతున్నాడనుకున్నారు. నా మనవలు ముందు వరసలో ఉన్నారు. వాళ్ళు ఈ గోతి చుట్టూ ఆడుకుంటూ పెరిగారు. "నిన్ను కాపాడేది ఎవరురా?" అంటే "ఒరేసోస్" అని చెప్పడం నేర్చుకున్నారు. నా గొంతు గట్టిగానే వచ్చింది.

"మన వీరుడు ఒరేసోస్ ఉన్నాడు," అన్నాను.

ఊరు జేకొట్టింది. మికోన్ పళ్ళెం ఎత్తి పక్కనున్న పళ్ళులేని ముసలమ్మ ఒళ్ళో పెట్టాడు. "మెల్లిగా నములవ్వా, గట్టిగా ఉంది," అని లేచి, బట్ట దులుపుకుని, చేను గట్టు మీదుగా ఇంటికి వెళ్ళిపోయాడు. నా మీద కోపం చూపించలేదు. కోప్పడితే బాగుండేది.

తర్వాత వాడు ఇంకో ఐదేళ్ళు బతికాడు. పెళ్ళిళ్ళకీ పేరంటాలకీ వెళ్ళాడు, కూతురు పిల్లల ముందు నిజంగానే కుండ ఖాళీ చేశాడు. కాలే నేల దగ్గర ఉరుములకి బలిచ్చే రోజున అందరికంటే ముందు వచ్చి కూర్చునేవాడు. "ఇక్కడ ఎవరికి పెడుతున్నామో తెలుసు," అనేవాడు. వీరుడి పండక్కి మాత్రం రాలేదు. దెక్సోతో మళ్ళీ వాగడం మొదలుపెట్టాడు, ఆవిడ మళ్ళీ తిట్టడం మొదలుపెట్టింది. నాకు ఎదురైతే పక్కకి తప్పుకుని దారిచ్చేవాడు. ఆఖరి బావి ఫేగవాళ్ళకే తవ్వాడు. బట్టతల మనిషి కొడుకు వచ్చి అడిగితే, "నీళ్ళకి ఏ ఊరైతేనేం," అన్నాడట. పోయిన చలికాలం దగ్గు వచ్చి పన్నెండు రోజుల్లో పోయాడు.

పాతిపెట్టిన తర్వాత నికిప్ప ఇంట్లో చావు భోజనం. మా దగ్గర దానికి ఓ కట్టుబాటు ఉంది. అందరూ దండలు పెట్టుకుని కూర్చుని పోయినవాడి గురించి ఒక్కొక్కరూ చెప్పాలి, చెప్పేది మంచిదై ఉండాలి, నిజమూ అయి ఉండాలి. చావు భోజనంలో అబద్ధం చెప్పకూడదు. అక్కడ అబద్ధం చెప్పినవాడి అన్నం మట్టి కింద ఉన్నవాడికి అందదు.

ఒకడు వాడి నీళ్ళ చూపు గురించి చెప్పాడు. దెక్సో "ఆయన మాట్లాడకపోతే బావి చీకటిగా ఉండేది," అని మాత్రమే అంది. ఫేగనుంచి నలుగురు వచ్చారు, వాళ్ళూ తమ బావి గురించి చెప్పారు. నా వంతు వచ్చింది. పెద్దవాణ్ణి కాబట్టి ఆఖరిది నాదే. ఇరవై ఏడు బావులు అన్నాను. ఫైనిస్ దగ్గర పాట ఒక్కసారి విని అప్పజెప్పేవాడన్నాను. వీరుణ్ణి వెలికి తీసిన చేతులు వాడివి అనబోయి ఆగాను. ఫేగవాళ్ళు నా ఎదురుగానే కూర్చున్నారు. నా మనవడు నా పక్కనే.

నికిప్ప రొట్టెల బుట్ట పట్టుకుని నిలబడి ఉంది. నా మొహంలోకి చూసింది. తండ్రి ఆ పిల్లకి ఏం చెప్పాడో, అసలేమీ చెప్పలేదో, నాకు ఇప్పటికీ తెలీదు.

"ఇంకేమన్నా ఉందా పెదనాన్నా?"

"అంతేనమ్మా," అన్నాను. "ఇంకేమీ లేదు."

ఆ పిల్ల బుట్టలోంచి రొట్టె తీసి నా ముందు పెట్టింది. అందరితో పాటు నేనూ తిన్నాను.